పాము అన్న మాటను ఎంతవరకు నమ్మాలి? అంతరించిన సముద్ర సరీసృపాల పేర్ల సంగతి

వానపాము పాము కాదు, పురుగు. ఏలికపాము కడుపులో ఉండే ఇంకో పురుగు. మలుగుపాము చేప. వెన్నుపామైతే అసలు ప్రాణే కాదు, పూసల మధ్యగా సాగే నరాల మోకు. పొడుగ్గా ఉండి మెలితిరిగేదాన్ని దేన్నైనా పాము అనడం మన భాషకు అలవాటు. దానివల్ల ఇంతవరకు ఎవరికీ నష్టం లేదు. ఏలికపాములకు మందు కావలసినవాళ్ళు పాములవాడి దగ్గరికి పోరు కదా.

శిలాజాల దగ్గరికి వచ్చేసరికి ఈ అలవాటే చిక్కు తెస్తుంది. "పాములాంటి సముద్ర సరీసృపం" అని ఎవరైనా రాస్తే ఆ "లాంటి" రెండు రకాలుగా అర్థమవుతుంది. ఒళ్ళు పాములా సాగి ఉందని ఒకటి, పాములతో చుట్టరికం ఉందని మరొకటి. మొదటిది ఆకారం, రెండోది వంశం. రెండూ ఒకేచోట కుదిరిన జంతువులు తక్కువ. ఆకారం కుదిరి వంశం కుదరనివి, వంశం కుదిరి ఆకారం కుదరనివి చాలా ఉన్నాయి. ఈ రంగంలో పేర్ల మీద జరిగిన తగాదాల్లో చాలా ఈ రెంటినీ కలగలపడం వల్ల వచ్చినవే.

ముందు ఇంటి తప్పు ఒకటి చూద్దాం. డైనోసార్‌ను మనం రాక్షసబల్లి అంటాం. రిచర్డ్ ఓవెన్ 1842లో పెట్టిన డైనోసారియా అన్న పేరుకు ఇది చక్కని అనువాదమే, తప్పంతా మూలంలోనే ఉంది. డైనోసార్లు బల్లులు కావు. అవి మొసళ్ళకూ పక్షులకూ దగ్గర. నిజంగా రాక్షసబల్లి అనదగ్గది వేరే ఉంది. సుమారు 6.6 కోట్ల ఏళ్ళ క్రితం వరకు సముద్రాల్ని ఏలిన మోససార్. అది అచ్చంగా బల్లుల వంశం, తెడ్లలాంటి కాళ్ళు, పెద్ద జాతులైతే 12 మీటర్లు దాటిన ఒళ్ళు. దాన్నేమో పత్రికల్లో "సముద్రపు డైనోసార్" అని రాస్తారు. అంటే బల్లి కానిదాన్ని బల్లి అని, బల్లిని డైనోసార్ అని పిలుస్తున్నాం.

ఒకే వ్యాసం, రెండు పేర్లు

మోససార్ మొదటి పుర్రెలు 18వ శతాబ్దంలో నెదర్లాండ్స్‌లోని మాస్ట్రిక్ట్ దగ్గర సున్నపురాతి గనుల్లో దొరికాయి. మొసలి అన్నారు, తిమింగలం అన్నారు. బల్లి అని చెప్పినవాడు అడ్రియాన్ కాంపర్, 1808లో దాన్ని ఖాయం చేసినవాడు జార్జ్ క్యువియే. మ్యూజ్ నది బల్లి అనే అర్థంలో మోససారస్ అన్న పేరు 1822లో కోనిబేర్ పెట్టాడు. అప్పటికి పాముల ప్రసక్తి లేదు.

పాముల్ని తీసుకొచ్చినవాడు అమెరికావాడైన ఎడ్వర్డ్ డ్రింకర్ కోప్. 1869లో ఒకే వ్యాసంలో సరీసృపాలకు రెండు కొత్త క్రమాలు, అంటే వర్గీకరణలో పెద్ద గుంపులు, ప్రతిపాదించాడు. ఒకటి పైథనోమార్ఫా, అంటే కొండచిలువ రూపులు. రెండోది స్ట్రెప్టోసారియా, అంటే తిరగబడ్డ బల్లులు. ఈ రెండు పేర్ల గతి చూస్తే పదజాలం ఎలా బతుకుతుందో, ఎలా చస్తుందో తెలుస్తుంది.

స్ట్రెప్టోసారియా పుట్టుక ఇది. కాన్సాస్ నుంచి ఒక సైనిక వైద్యుడు పంపిన ఎముకల్ని కోప్ 1868లో ఎలాస్మోసారస్ అని వర్ణించాడు. అది ప్లీసియోసార్, అంటే తెడ్ల కాళ్ళ సముద్ర సరీసృపం, మెడలో 70కి పైగా పూసలు. అంత పొడుగు మెడ ఉంటుందని ఊహించక, దాన్ని తోక అనుకుని తలను రెండో కొసకు తగిలించాడు. తలకిందులుగా అమర్చిన వెన్నెముకలో పూసల కీళ్ళు మిగతా జంతువులన్నిటికీ ఎదురు దిశలో కనబడ్డాయి. అనుమానించాల్సింది అక్కడే. ఆయన అనుమానించకపోగా, కీళ్ళు తిరగబడ్డ జంతువులకు ఏకంగా ఒక క్రమం పెట్టేశాడు. సాటి శాస్త్రవేత్త జోసెఫ్ లైడీ తప్పు చూపించాక, అచ్చయిన ప్రతుల్ని వెనక్కి తెప్పించుకోవడానికి కోప్ నానా తంటాలు పడ్డాడు. తలకు సరైన చోటు దొరకగానే క్రమం మాయమైంది. ఇప్పుడా పేరు చరిత్ర రాసేవాళ్ళకు తప్ప ఎవరికీ అక్కర్లేదు.

ప్లీసియోసార్ మెడ పాములా ఉంటుందన్న మాట మాత్రం ఇంకా బతికే ఉంది. బొమ్మల్లో ఆ మెడ హంస మెడలా ఎస్ ఆకారంలో వంగి నీళ్ళ పైకి లేస్తుంది. ఎముకలు దానికి ఒప్పుకోవు. పాము పూసకు ఒక వైపు గుంట, రెండో వైపు గుండ్రటి బుడిపె ఉంటాయి కాబట్టి ప్రతి కీలూ బాగా తిరుగుతుంది. ప్లీసియోసార్ మెడపూసల రెండు ముఖాలూ దాదాపు చదును, ఒకదానికొకటి దగ్గరగా పేర్చినట్టుంటాయి. ఒక్కో కీలు కొద్దిగానే కదులుతుంది. 70 కీళ్ళు కలిస్తే మెడ కొంత వంపు తిరుగుతుంది గానీ చుట్టలు చుట్టుకోదు.

పైథనోమార్ఫా కథ వేరు. దానికి కోప్ చూపిన ఆధారాలు ఒంటి పొడుగు కాదు, పుర్రె నిర్మాణం. మోససార్ కింది దవడ మధ్యలో ఒక కీలు ఉంటుంది, దవడ రెండు సగాలూ ముందు కొసలో ఎముకతో అతుక్కోవు, అంగిట్లో వెనక్కి వంగిన పళ్ళ వరస ఇంకొకటి ఉంటుంది. ఎరను పట్టి, అంగిటి పళ్ళతో లోపలికి లాగి, దవడను వెడల్పు చేసి మింగడానికి ఇవన్నీ పనికొస్తాయి. పాముల్లోనూ ఇదే సరంజామా. అయితే ఈ లక్షణాల్లో కొన్ని విడివిడిగా వేరే బల్లుల్లో కూడా ఉన్నాయి. దవడ మధ్య సడలింపు ఉడుముకూ ఉంది, నాలుక చీలిక పాముకూ ఉడుముకూ ఉంది. అందుకే 20వ శతాబ్దంలో చాలాకాలం మోససార్లను ఉడుముల దాయాదులుగానే లెక్కేశారు, పైథనోమార్ఫా మూలన పడింది.

1997లో మైఖేల్ లీ ఆ పేరును తిరిగి వాడుకలోకి తెచ్చాడు, కొత్త అర్థంతో. కోప్ దృష్టిలో అది మోససార్ల క్రమం. లీ నిర్వచనంలో అది పాములూ మోససార్లూ ఉమ్మడి పూర్వీకుడితో సహా ఇమిడే శాఖ. పాత వ్యాసంలో పైథనోమార్ఫా అని చదివితే పాములు బయట, కొత్త వ్యాసంలో చదివితే పాములు లోపల. ఏ ఏటి వ్యాసమో చూడకుండా ఆ మాటను ఎత్తి రాసుకుంటే అర్థం తలకిందులవుతుంది.

2007లో పాల్చీ, కాల్డ్‌వెల్ ఇంకో మాట తెచ్చారు, ఓఫిడియోమార్ఫా. పాములూ, వాటికి మోససార్ల కంటే కూడా దగ్గరగా ఉన్నాయని వాళ్ళు అనుకున్న డోలికోసార్ల వంటి చిన్న సముద్రబల్లులూ ఇందులోకి వస్తాయి. ఓఫిడియా, సర్పెంటెస్ అన్న రెండు మాటల మధ్య తేడా కూడా రాసేవాళ్ళను బట్టి మారుతుంది. కొందరికి రెండూ ఒకటే. కొందరు సర్పెంటెస్‌ను ఇప్పుడు బతికున్న పాముల ఉమ్మడి పూర్వీకుడి నుంచి మొదలుపెట్టి, అంతకు ముందరి పాత పాముల్నీ కలుపుకునే పెద్ద సంచికి ఓఫిడియా అంటారు. వ్యాసం మొదట్లో నిర్వచనం ఎక్కడ ఉందో వెతికి చూడకుండా ముందుకు పోవద్దు.

అసలు మోససార్లు పాములకు దాయాదులేనా? తగువు తీరలేదు. బతికున్న జంతువుల జన్యువులు చూస్తే పాములకు ఉడుములొక్కటే ప్రత్యేకంగా దగ్గర కాదు. ఉడుములు, తొండల వర్గం, పాములు కలిసి ఒక పెద్ద గుంపు. మోససార్ల జన్యువులు మనకు దొరకవు కాబట్టి వాటి చోటు ఎముకలే చెప్పాలి. 2015లో రీడర్ బృందం ఎముకలూ జన్యువులూ కలిపి చేసిన విశ్లేషణలో మోససార్లు పాముల పక్కనే వచ్చాయి. ఎముకలు మాత్రమే వాడిన మరికొన్ని విశ్లేషణల్లో ఉడుముల వైపు పోయాయి. నీళ్ళలో బతికే జంతువులన్నిటికీ ఒళ్ళు సాగడం, కాళ్ళు చిన్నబోవడం మామూలు కాబట్టి, ఆ లక్షణాల్ని లెక్కలో ఎన్నిసార్లు కలిపారన్నదాన్ని బట్టి ఫలితం ఊగుతుంది.

మోససార్ల ఆకారం సంగతి కూడా ఇక్కడే తేల్చాలి. పాత బొమ్మల్లో అవి మలుగుపాములా ఒళ్ళంతా మెలికలు తిప్పుతూ ఈదుతాయి. 2010లో లిండ్‌గ్రెన్ బృందం ప్లాటెకార్పస్ అనే మోససార్ శిలాజాన్ని ఒకదాన్ని మళ్ళీ పరిశీలించింది. తోక కొస కిందికి వంగి ఉంది. జోర్డాన్‌లో దొరికిన ప్రోగ్నాథోడాన్ అనే ఇంకో మోససార్ మీద 2013లో వచ్చిన వ్యాసం తోక రెక్క అచ్చునే చూపించింది. ఎముక ఉన్న తమ్మె కింద, మాంసపు తమ్మె పైన. సొరచేప తోకను తలకిందులు చేసినట్టు. అంటే చివరి కాలపు మోససార్ నడుము బిగించి తోకతోనే ఈదింది. వంశం సరే అనుకున్నా ఆకారంలో అది పాముకు చాలా దూరం.

కాళ్ళున్న పాములు, చేతుల్లేని బల్లులు

ఆకారం, వంశం రెండూ కుదిరిన జంతువులు పాలస్తీనాలోని రామల్లా దగ్గర ఐన్ యబ్రూద్ గనుల్లోనూ లెబనాన్‌లోనూ దొరికాయి. సుమారు 9.5 కోట్ల ఏళ్ళ నాటి సున్నపురాయి, అప్పట్లో లోతులేని వెచ్చని సముద్రం. ఇక్కడి మొదటి జంతువుకు జార్జ్ హాస్ 1979లో పాకిరాకిస్ ప్రోబ్లమాటికస్ అని పేరు పెట్టాడు. లావు వెన్నెముక గల చిక్కుప్రశ్న అని అర్థం. దాన్ని ఎక్కడ పెట్టాలో తెలియదన్న సంగతి పేరులోనే ఒప్పుకున్నాడు. మీటరు పొడుగు, ముందుకాళ్ళు లేవు, భుజం ఎముకలూ లేవు, వెనక చిన్న కాళ్ళు ఉన్నాయి. 1997లో కాల్డ్‌వెల్, లీ అది పామే అన్నారు. 2000లో అక్కడి నుంచే హాసియోఫిస్, లెబనాన్ నుంచి యూపోడోఫిస్ వచ్చాయి.

యూపోడోఫిస్‌కు మొదట పెట్టిన పేరు పోడోఫిస్, కాళ్ళ పాము. ఆ పేరు అప్పటికే ఒక బల్లికి ఉందని తేలింది. జంతువుల పేర్ల నియమాల ప్రకారం ఒక ప్రజాతి పేరు మొత్తం జంతులోకంలో ఒక్కదానికే చెల్లుతుంది, రెండోది వదులుకోవాలి. అలా ముందు "యూ" చేరింది. రాతిపలక మీద దానికి ఒక కాలే పైకి కనిపించేది. రెండోది రాతి లోపల దాగి ఉంది. గ్రెనోబుల్‌లోని సింక్రోట్రాన్ అనే భారీ యంత్రపు ఎక్స్‌రేలతో రాయి పగలగొట్టకుండానే దాన్ని చూసి 2011లో ప్రకటించారు. పొడుగు రెండు సెంటీమీటర్లు. మోకాలు వంగి ఉంది, చీలమండ ఎముకలు ఉన్నాయి, వేళ్ళు లేవు.

వీటికి ఎదురుగా పెట్టి చూడాల్సింది స్లొవేనియాలో దొరికిన అడ్రియోసారస్ మైక్రోబ్రాకిస్. ఇదీ సుమారు 9.5 కోట్ల ఏళ్ళ నాటిదే, ఒళ్ళు సాగింది, ముందుకాలిలో మిగిలింది భుజపుటెముక ఒక్కటే. అయినా ఇది పాము కాదు, బల్లి. కాళ్ళు పోవడం పాములకు మాత్రమే సొంతం కాదని దీన్ని చూస్తే తెలుస్తుంది. "కాళ్ళు లేవు కాబట్టి పాము" అనడం ఎంత తప్పో "కాళ్ళున్నాయి కాబట్టి పాము కాదు" అనడమూ అంతే తప్పు.

టెట్రాపోడోఫిస్ గొడవ ఇంకా పచ్చిగానే ఉంది. బ్రెజిల్ క్రాటో రాళ్ళ నుంచి వచ్చిన 20 సెంటీమీటర్ల చిన్న జంతువు, నాలుగు బుల్లి కాళ్ళు. 2015లో నాలుగు కాళ్ళ పాము అని పేరు పెట్టారు. 2021లో కాల్డ్‌వెల్ బృందం, పలక రెండో సగంలో పడ్డ పుర్రె అచ్చును కూడా కలిపి చూసి, అది డోలికోసార్ అన్నది. వాళ్ళ మాటే నిలిచినా పేరు మాత్రం నాలుగు కాళ్ళ పాముగానే ఉండిపోతుంది. అర్థం తప్పని తేలితే పేరు మార్చాలన్న నియమం లేదు. జోర్మున్‌గాండర్ అని 2023లో పేరు పడ్డ ఉత్తర డకోటా మోససార్‌దీ ఇదే తీరు. ఉత్తర ఐరోపా నార్స్ పురాణాల్లో లోకాన్ని చుట్టిన మహాసర్పం పేరు పెట్టుకున్న బల్లి అది.

నలిగిన పుర్రెల్లో ఎముకల పేర్లు కూడా చేతులు మారుతుంటాయి. పాత పాముల్లో కంటి వెనకాల ఉండే ఒక ఎముకను కొందరు పోస్ట్‌ఆర్బిటల్ అన్నారు, కొందరు జుగల్ అన్నారు. జుగల్ అయితే బల్లుల వైపు లక్షణం, పోస్ట్‌ఆర్బిటల్ అయితే ఇప్పటి పాముల వైపు లక్షణం. ఎముక అదే, పేరు మారితే వంశవృక్షం మారుతుంది. అర్జెంటీనా నజాష్ పుర్రెలు నలగకుండా దొరికి 2019లో వెలువడ్డాక, అది జుగలే అన్న వాదానికి బలం వచ్చింది. నజాష్ సముద్రపుది కాదు, నేలమీది కాళ్ళ పాము. పాములు సముద్రంలో పుట్టాయన్న వాదానికి అది పెద్ద అడ్డంకి.

ఇక ఆకారమే కుదిరి వంశం ఏ మాత్రం కుదరనివి. ప్లూరోసారస్ జర్మనీ, ఫ్రాన్స్ జురాసిక్ రాళ్ళది, మీటరున్నర వరకు పొడుగు, నడుములో 50కి పైగా పూసలు, చిట్టి కాళ్ళు. చూస్తే సగం పామే. కానీ దాని వంశం న్యూజిలాండ్‌లో ఉండే, బల్లిలా కనిపించినా బల్లి కాని టుటారాది. బాసిలోసారస్ అయితే సరీసృపమే కాదు. 1834లో హార్లన్ దాన్ని రాజబల్లి అన్నాడు. దాని పళ్ళకు రెండేసి వేర్లున్నాయి కాబట్టి పాలిచ్చే జంతువు అని ఓవెన్ 1839లో పట్టుకున్నాడు, జ్యూగ్లోడాన్ అని పేరు మార్చబోయాడు. చెల్లలేదు, ముందు పెట్టిన పేరే నిలిచింది. పాత తిమింగలానికి నేటికీ బల్లి పేరే. 1845లో ఆల్బర్ట్ కోక్ అలబామాలో ఏరిన ఈ ఎముకల్నే, ఒకటికి మించిన జంతువులవి, వరసగా గుచ్చి 114 అడుగుల సముద్రసర్పం అని న్యూయార్క్‌లో టికెట్టు పెట్టి చూపించాడు. దాన్ని బయటపెట్టిందీ పళ్ళే. జెఫ్రీస్ వైమన్ వాటి జంట వేర్లను చూపించాడు.

ఎముక లావెక్కడం, ఎముక గట్టిపడడం

ఈ రెండు మాటల్ని వార్తల్లోనే కాదు, వ్యాసాల్లోనూ కలిపేస్తారు. పాకియోస్టోసిస్ అంటే ఎముక పైనుంచి పెరిగి ఉబ్బడం, బయటి ఆకారమే మారుతుంది. ఆస్టియోస్క్లెరోసిస్ అంటే లోపలి బోలు పూడిపోవడం, బయటికి మామూలుగానే కనిపించవచ్చు. రెండూ జరిగితే పాకియోస్టియోస్క్లెరోసిస్. మొదటిది కంటితో తెలుస్తుంది, రెండోది ఎముక కోసి పలచటి ముక్కను సూక్ష్మదర్శినిలో పెడితేనో, స్కాన్ తీస్తేనో తప్ప తెలియదు. పైకి లావుగా ఉందని చూసి "బరువెముక" అని రాయడం అందుకే తప్పు.

పాకిరాకిస్, యూపోడోఫిస్, వాటిలాంటి మరో పాత పాము సిమోలియోఫిస్‌లలో నడుము మధ్య భాగంలో పూసలూ పక్కటెముకలూ ఉబ్బి ఉంటాయి, మెడ దగ్గరా తోక దగ్గరా కాదు. ఊపిరితిత్తుల గాలి ఒంటిని పైకి తేలుస్తుంటే కిందికి పట్టి ఉంచే బరువు అది. పడవ అడుగున రాళ్ళు వేసినట్టు. లోతులేని నీళ్ళలో మెల్లగా తిరిగేవాటికి ఇది సుఖం. తరిమి వేటాడేవాటికి గుదిబండ. ఎముక చూసి బతుకు ఇలా ఊహించవచ్చు కాబట్టే ఈ మాటల్ని జాగ్రత్తగా వాడమనేది.

ఒక్క పూస చేతిలో ఉంటే

సముద్రపు పాముల శిలాజాల్లో ఎక్కువ పాళ్ళు దొరికేది విడి పూసలే. మూడు వందల పూసలున్న జంతువు చచ్చి చెదిరిపోతే మరేం దొరుకుతుంది? డైనోసార్లు పోయాక వచ్చిన ఈయోసీన్ కాలపు నిజమైన సముద్రపు పాములు పేలియోఫిస్, టెరోస్ఫీనస్ మనకు తెలిసింది చాలావరకు ఇలాగే. ఇప్పుడు మన తీరంలో వలల్లో పడే విషపు సముద్రపు పాములు వీటి సంతతి కావు. అవి తాచుపాముల కుటుంబం నుంచి చాలా ఆలస్యంగా నీళ్ళలోకి దిగినవి.

పూసను ముందుగా పక్కకు తిప్పి రెండు ముఖాలు చూడాలి. రెండూ లోతుగా గుంటపడి ఇసుక గడియారంలా ఉంటే చేప. బిళ్ళలా పొట్టిగా ఉండి రెండు వైపులా గుంటలుంటే చేప ఆకారపు సముద్ర సరీసృపమైన ఇక్తియోసార్ కావచ్చు. రెండు ముఖాలూ చదునై, కింద పక్కపక్కన రెండు చిల్లులుంటే ప్లీసియోసార్. ముందు గుంట, వెనక బుడిపె ఉంటే పాము, బల్లి, మోససార్, లేదా మొసలి. మొసలి పూసలో పై కమాను, కింది మొద్దు కలిసిన అతుకు గీత చాలాసార్లు కనిపిస్తుంది, ఒక్కోసారి అక్కడే విడిపోతుంది.

తర్వాత వెన్నుపాము పోయే రంధ్రాన్ని ముందు నుంచి చూడాలి. దాని పైకప్పు మీద చీల దిగ్గొట్టినట్టు ఒక దిమ్మ ఉంటే అదే జైగోస్ఫీన్. వెనక వైపు ఆ దిమ్మ దూరే గూడు జైగాంట్రమ్. వడ్రంగి పనిలో కుసి, బెజ్జం ఎలాగో ఇది అలాగ. పూస పక్కలకూ పైకీ వంగనిస్తుంది, మెలిపెట్టి తిరగనివ్వదు. పాముల్లో ఇది నిండుగా, వెడల్పుగా ఉంటుంది. ఇక్కడే తొందరపడతారు. ఇది ఇగ్వానాల్లో ఉంది, క్లైడాస్టిస్ లాంటి మోససార్లలోనూ ఉంది. కాబట్టి జైగోస్ఫీన్ లేకపోతే పాము కాదనడం దాదాపు క్షేమమే గానీ, ఉంటే పామే అనడం క్షేమం కాదు.

సముద్రపు పామా, నేలమీది పామా అన్నది వెడల్పు చెబుతుంది. నేలమీద పాకే పెద్ద పాము పూస వెడల్పుగా, చదునుగా ఉంటుంది. పేలియోఫిస్ పూస పక్కల నుంచి నొక్కినట్టు సన్నగా, ఎత్తుగా ఉంటుంది. పక్కటెముక అతుక్కునే బుడిపెలు బాగా కిందికి, పొట్ట వైపు దిగి ఉంటాయి. అందువల్ల ఒళ్ళు మొత్తం కత్తిలా ఎత్తుగా ఉండేదని తెలుస్తుంది. వెనక కీళ్ళ పైన రెక్కల్లా లేచిన పలకలు ఉంటాయి, వాటిని టెరాపోఫిసిస్ అంటారు. టెరోస్ఫీనస్‌లో ఈ సన్నదనమూ ఈ రెక్కలూ మరీ ఎక్కువ. పేరులోని "టెరో" రెక్కే.

తోక పూసైతే కింది వైపు చూస్తే చాలు. మోససార్‌లో రక్తనాళాల్ని కాపాడే ఎముకలు కింద కలిసి వి ఆకారం కడతాయి. మోససారస్ వర్గంలో అవి పూసకు అతుక్కుపోయి ఉంటాయి, టైలోసారస్ వర్గంలో విడిగా కీలుతో ఉంటాయి. పాములో రెండు పుల్లల్లా కిందికి దిగి, కొసలు కలవవు.

తప్పులు ఎక్కడ వస్తాయంటే, మొదట అరుగుదల. అలల్లో దొర్లిన పూసకు టెరాపోఫిసిస్ కొసలే ముందు విరుగుతాయి, అప్పుడది వేరే జాతిలా కనిపిస్తుంది. రెండోది చోటు. ఒకే పాములో మెడ దగ్గరి పూసకూ నడుము పూసకూ వెనక పూసకూ పోలిక తక్కువ. 19వ శతాబ్దంలో ఇలా ఒకే జంతువు ముక్కలకు రెండు మూడు జాతుల పేర్లు పడ్డాయి. మూడోది సంత. మొరాకో ఫాస్ఫేట్ గనుల నుంచి అమ్మకానికి వచ్చే "మోససార్ దవడ"ల్లో చాలా వాటిలో పళ్ళు అసలువే, దవడ మాత్రం ఇసుకా జిగురూ. అసలు దవడలో ప్రతి పన్నూ లావాటి ఎముక మొదలు మీద కూర్చుని ఉంటుంది, ఆ మొదలులో కొత్త పన్ను తొలిచిన గుంత కనబడుతుంది. పన్ను నేరుగా ఇసుకరంగు ముద్దలోకి దిగబడి ఉంటే డబ్బులు జేబులోనే ఉంచుకోండి.

పొడుగు అంకెల్ని కూడా ఇదే కంటితో చదవాలి. మాలిలో దొరికిన పేలియోఫిస్ కొలోసియస్‌కు 8.1 నుంచి 12.3 మీటర్ల వరకు అంచనా వేశారు. ఒకే జంతువుకు నాలుగు మీటర్ల తేడా ఎందుకంటే, ఆ పూస వెన్నులో ఏ చోటిదో ఖాయంగా తెలియదు, లెక్క ఇప్పటి పాముల నిష్పత్తుల మీద ఆధారపడింది. గుజరాత్ కచ్‌లోని పనాంద్రో లిగ్నైట్ గనిలో దొరికిన 27 పూసల మీద 2024లో వెలువడ్డ వాసుకి ఇండికస్‌కూ అంతే. ఒక పద్ధతిలో 10.9 నుంచి 12.2 మీటర్లు, ఇంకో పద్ధతిలో 14.5 నుంచి 15.2. వార్తల్లో ఎక్కింది చివరి అంకె ఒక్కటే. పురాణంలో పాలకడలి చిలికిన వాసుకి పేరు పెట్టినా ఈ పాము సముద్రపుది కాదు. పూసలు వెడల్పాటివి, బతుకు చిత్తడి నేలల్లో. నిజమైన సముద్రపు పాములైన టెరోస్ఫీనస్ జాతులు రెండు అదే కచ్ నుంచి 2003లోనే వచ్చాయి. వాటి గురించి విన్నవాళ్ళు తక్కువ.

తెలంగాణలో వికారాబాద్ దగ్గరి నస్కల్‌లో, దక్కన్ లావా పొరల మధ్య ఇరుక్కున్న మట్టి నుంచి 1992లో రాజ్, ప్రసాద్ ఇండోఫిస్ సాహ్నీ అనే చిన్న పామును వర్ణించారు. డైనోసార్ల ఆఖరి యుగమైన క్రెటేషియస్ చివరి కాలపుది. దాన్ని చేర్చిన నైజీరోఫిడే కుటుంబం నీటి పాములదిగా పేరున్నదే, కానీ నస్కల్ మట్టి సముద్రపుది కాదు, మంచినీటి చెరువుది. ఇలాంటి మట్టిలో పూసలు ఒకటి రెండు మిల్లీమీటర్లవి, సుత్తితో దొరకవు. సాధారణంగా చేసే పని ఇది: మట్టిని ఎండలో పూర్తిగా ఆరబెట్టాలి, కిరోసిన్‌లో నానబెట్టి వంపేయాలి, తర్వాత నీళ్ళు పోయాలి. కిరోసిన్ దూరిన సందుల్లోకి నీరు తోసుకొచ్చి గడ్డ దానంతటదే చిట్లి బురదవుతుంది. మట్టిలో తేమ మిగిలి ఉంటే కిరోసిన్ లోపలికి దిగదు, గడ్డ గడ్డగానే ఉండిపోతుంది, ఆపైన చేత్తో నలిపితే పూసలు విరుగుతాయి. బురదను అర మిల్లీమీటరు జల్లెడలో కడిగి, మిగిలినదాన్ని ఆరబెట్టి, సూక్ష్మదర్శిని కింద తడి కుంచె కొసతో ఒక్కొక్కటే ఏరాలి.

ఏరినదానికి చీటీ రాసేటప్పుడు మూడు పొట్టి మాటలు అక్కరకొస్తాయి. "సి.ఎఫ్." అంటే ఫలానా జాతితో పోలుతోంది, రుజువు చాలలేదు. "అఫ్." అంటే ఫలానా జాతికి దగ్గర, కానీ అదే కాదు. "ఇండెట్." అంటే ఇంతకు మించి చెప్పలేం. జైగోస్ఫీన్ విరిగి, కింది అంచు అరిగిన పూసకు "స్క్వమేటా ఇండెట్." (బల్లులూ పాములూ కలిసిన వర్గంలో ఏదో ఒకటి) అని రాసి, దొరికిన చోటు, పొర, తేదీ వేసి డబ్బాలో పెట్టాలి.